కాలాన్ని తినే పురుగు: అసలు ఏం తింటుంది, ఏం మిగులుస్తుంది?

మిణుగురు
రెండు నెలల్నుంచీ ఒక కథ దగ్గర ఇరుక్కుపోయాను, ఎవరైనా బయట పడేయండి. కథలో ఒక పురుగుంటుంది, అది కాలాన్ని తింటుంది. అంతే, నా దగ్గరున్నది ఆ ఒక్క ముక్కే. మొదట్లో భలే ఐడియా అనిపించింది, రాయడానికి కూర్చున్నాక ప్రతి సీనూ ఒక్కచోటికే వస్తోంది, గోడ మీద గడియారం ఆగిపోతుంది, హీరో నోరెళ్ళబెడతాడు. ఏడు డ్రాఫ్టులు రాస్తే ఏడుసార్లూ గడియారం ఆగింది. చిరాకొచ్చేసింది. పురుగన్నాక దానికీ ఒక బతుకుండాలి కదా, గుడ్డు, పిల్ల, తిండి, రెట్ట, శత్రువు, అన్నీ. ఇది దేన్ని కొరుకుతుంది? కొరికిన చోట ఏం మిగులుతుంది? కొరికించుకున్నవాడికి తెలుస్తుందా? శాపం, మంత్రం అనకండి ప్లీజ్, పురుగు పురుగులాగే ఉండాలి.

పాతచెప్పు
ఏడు డ్రాఫ్టులు, రెండు నెలలు. పురుగు బానే తింటోందిగా, ఇంకేం కావాలి

ఊరికే_చూస్తా
నీ చేతిలోనే ఉంది అది. రాత్రి ఛార్జింగ్ పెడితే పొద్దున్నే మళ్ళీ ఆకలేస్తుంది దానికి

మిణుగురు
ఫోన్ జోకు ఎవరో ఒకరు వేస్తారని తెలుసు, మూడో పోస్టుకే వేస్తారనుకోలేదు

లెక్కలపిచ్చి
మీ పురుగు లాజిక్ దగ్గరే చచ్చిపోయింది. తినడం అనేది ఒక పని, ఏ పనికైనా టైం పట్టాలి. కొరకడానికి ఒక సెకను, నమలడానికి రెండు సెకన్లు అనుకుందాం. ఆ మూడు సెకన్లూ అదే మింగేస్తే ఇంక నమిలింది ఎప్పుడు? సరే వాటిని వదిలేసి పక్క సెకన్లు తింటుంది అంటారా, అప్పుడు పక్క సెకన్ల దగ్గరికి వెళ్ళడానికి మళ్ళీ టైం కావాలి. కూర్చున్న కొమ్మని నరుక్కోవడం కూడా కాదిది, గొడ్డలి పిడిని ఆ గొడ్డలితోనే నరకడం.

తొందరేంది
తింటే తిననియ్యి పాపం, మనకేమన్న పనులాగినయా

ఆరుకాళ్ళు
లెక్కలపిచ్చి గారూ, చెదని ఎప్పుడైనా దగ్గర్నుంచి చూశారా? చెక్కలో బతికే చెదలు ఉంటాయి, చెక్క లోపలే పుట్టి చెక్కనే తింటూ, తిన్న ఖాళీలోనే కాపురం పెడతాయి. ఇల్లూ అదే తిండీ అదే. అయిపోయేదాకా ఏ ఇబ్బందీ ఉండదు వాటికి. కాలంలో ఉంటూ కాలాన్ని తినడానికీ అంతే, తిన్న సొరంగంలోనే నడుస్తుంది, ముందున్నదే దాని తిండి, వెనకున్నదే దాని దారి.

ఇంకో సంగతి, చెదకి చెక్క అరిగించుకునే శక్తి సొంతంగా పెద్దగా ఉండదు. దాని కడుపులో ఉండే సూక్ష్మజీవులే ఆ పని చేసిపెడతాయి. అవి లేకపోతే కడుపు నిండా చెక్క పెట్టుకుని ఆకలితో చస్తుంది. కాబట్టి మిణుగురు గారు తేల్చుకోవాల్సింది పురుగు ఏం తింటుందని కాదు, దాని కడుపులో కూర్చుని కాలాన్ని అరిగిస్తున్నది ఎవరని.

పాతచెప్పు
మనమే అయ్యుంటాం, ఇంకెవరు చేస్తారు ఫ్రీగా

గోడమూల
మిణుగురు, నీ ఉత్సాహం మీద నీళ్ళు చల్లాలని కాదు గానీ ఇది ఆల్రెడీ ఉంది. కేంబ్రిడ్జ్‌లో కార్పస్ క్రిస్టీ కాలేజీ గోడకి ఒక గడియారం పెట్టారు, 2008 సెప్టెంబర్‌లో స్టీఫెన్ హాకింగ్ ఆవిష్కరించాడు. ముళ్ళుండవు, అంకెలుండవు, పెద్ద బంగారు పళ్ళెంలా ఉంటుంది, దాని నెత్తిన మిడతలాంటి భయంకరమైన జంతువొకటి నడుస్తూ ఉంటుంది, ఒక్కో అడుగుకీ ఒక్కో సెకను నోట్లో వేసుకుంటున్నట్టు. దాని పేరే క్రోనోఫేజ్, గ్రీకులో కాలాన్ని తినేది అని. చేయించింది జాన్ టేలర్ అనే ఇంజనీరు. 18వ శతాబ్దంలో జాన్ హారిసన్ గడియారాల్లో పళ్ళచక్రాన్ని ఆపి వదిలే ఒక భాగం కనిపెట్టాడు, అది కదిలే తీరు చూసి మిడత అనేవాళ్ళు. టేలర్ ఆ మిడతని నిజంగానే మిడతగా చేసి పైన కూర్చోబెట్టాడు.

మిణుగురు
అయిపోయింది. నా పురుగుని 2008లోనే ఎవరో గోడెక్కించేశారు

గోడమూల
ఆగు, అసలైంది చెప్పనివ్వు. ఆ గడియారం సరైన టైం చూపించేది అయిదు నిమిషాలకి ఒక్కసారే. మధ్యలో తడబడుతుంది, కాసేపు ఆగినట్టు నటిస్తుంది, తర్వాత పరుగెత్తి అందుకుంటుంది. కావాలనే అలా చేశారు. అంటే ఆగిపోయే గడియారం కంటే తడబడే గడియారం ఎక్కువ భయపెడుతుంది, ఆ మాట కోసమే చెప్పాను. నీ ఏడు డ్రాఫ్టుల్లో గడియారం ఆగడమే తప్పు.

పైగా అది యంత్రం, దానికి గుడ్లు పెట్టాల్సిన బాధ లేదు. నువ్వడిగింది బతికున్న పురుగు. రాసుకో హాయిగా.

సీజియం
గడియారం గురించి వచ్చింది కాబట్టి నేనూ దిగుతున్నా. పురుగు నిజంగా ఒకచోట కాలాన్ని తింటే అక్కడున్న గడియారం ఆగినట్టు అక్కడున్నవాడికి ఎప్పటికీ తెలీదు. ఎందుకంటే వాడి గుండె, వాడి ఆలోచన, వాడి చేతి వాచీ అన్నీ ఒకే లెక్కలో తగ్గుతాయి. తెలియాలంటే రెండు గడియారాలు కావాలి, ఒకటి పురుగు దగ్గర, ఒకటి దూరంగా, తర్వాత రెండూ పక్కపక్కన పెట్టి చూడాలి. ఇది ఊహ కాదు, 1971లో సీజియం పరమాణు గడియారాల్ని మామూలు ప్యాసింజర్ విమానాల్లో ఎక్కించి ప్రపంచం చుట్టూ తిప్పి తెచ్చి కిందున్న వాటితో పోల్చారు. తూర్పుకెళ్ళినవి కాస్త వెనకబడ్డాయి, పడమరకెళ్ళినవి ముందుకొచ్చాయి. నానోసెకన్ల తేడా, అయినా దొరికిపోయింది.

సెకను అంటే ఇప్పుడు లెక్క ఏంటంటే సీజియం పరమాణువు నుంచి వచ్చే ఒక రకం తరంగం 919 కోట్ల 26 లక్షల 31 వేల 770 సార్లు ఊగడం. మీ పురుగు అందులో ఒక్క మైక్రోసెకను కొరికినా జీపీఎస్‌లో 300 మీటర్లు తేడా కొడుతుంది, కాంతి అంత సేపట్లో అంత దూరం పోతుంది మరి. జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు భూమ్మీద వాటికంటే రోజుకి 38 మైక్రోసెకన్లు ముందుకి పోతాయి, అది సరిచేసి పెట్టకపోతే మ్యాప్ మనల్ని ఎక్కడికో తీసుకుపోతుంది. కాబట్టి హీరోకి పురుగు పుట్ట దొరకాలంటే సింపుల్, మ్యాప్‌లో ప్రతిసారీ దారి తప్పే చోటు వెతకమనండి.

మిణుగురు
రెండు గడియారాలు!! ఇది వాడుకుంటున్నా, థాంక్స్

ఊరికే_చూస్తా
నా ఫోన్‌లో మ్యాప్ ప్రతిచోటా దారి తప్పుతుంది, పుట్ట మీదే కాపురం ఉన్నట్టున్నా

పాతచెప్పు
చరిత్రలో దాని పెద్ద విందులు అందరూ మర్చిపోయారు. 1582లో అక్టోబర్ 4 అయ్యాక తెల్లారితే 15. పది రోజులు ఒక్క గుటక. 1752లో ఇంగ్లండ్ వెళ్ళింది, సెప్టెంబర్ 2 తర్వాత 14, పదకొండు రోజులు. ఈమధ్య వయసైపోయి ఆకలి తగ్గినట్టుంది, 2011లో సమోవాలో డిసెంబర్ 30 ఒక్కటే తిని పడుకుంది

లెక్కలపిచ్చి
అక్కడ ఎవరిదీ ఒక్క నిమిషం కూడా పోలేదండీ, పేర్లు మార్చారు అంతే. 1582లో కేలండర్ సూర్యుడితో కలవడం లేదని సరిచేశారు, సమోవా వాళ్ళు తేదీ మారే గీత, అదే డేట్‌లైన్‌కి అటు వైపు నుంచి ఇటు వైపు దూకారు. సీసా మీద లేబుల్ చింపితే లోపలిది తగ్గుతుందా?

పాతచెప్పు
డిసెంబర్ 30న పుట్టినవాణ్ణి అడగండి తగ్గిందో లేదో

సీజియం
నిజానికి మనమే దానికి మేత వేశాం. భూమి తిరగడం ఒకే వేగంతో ఉండదు, పరమాణు గడియారాలతో పోలిస్తే వెనకబడుతూ ఉంటుంది, అందుకని 1972 నుంచి 2016 దాకా 27 సార్లు ఒక్కో సెకను అదనంగా కలిపారు. 2016 డిసెంబర్ 31 చివరిది. 2035 లోపు ఆ పద్ధతి ఆపేద్దామని 2022లో తీర్మానం కూడా చేశారు. మేత ఆగిపోతే పురుగు ఏం చేస్తుందో, మిణుగురు గారికి రెండో భాగం దొరికినట్టే.

గోడమూల
కొరికించుకున్నవాడికి తెలుస్తుందా అని అడిగావు కదా, దానికి ఎవరూ జవాబు చెప్పలా. ఇప్పుడే లేచి సెకన్ల ముల్లున్న గడియారం వంక ఠక్కున చూడు. మొదటి సెకను మిగతావాటి కంటే కొంచెం పొడుగ్గా ఉంటుంది, ముల్లు ఆగిందేమో అని కూడా అనిపిస్తుంది. కన్ను ఒకచోటి నుంచి ఇంకోచోటికి గెంతేటప్పుడు కనబడేదంతా చెదిరిపోతుంది, ఆ ముక్కని మెదడు పారేసి, గెంతాక చూసిన దానితో వెనక్కి అతుకు వేస్తుంది. రెప్ప వేసినప్పుడూ అంతే, నిమిషానికి అన్నిసార్లు చీకటి పడుతున్నా మనకి పట్టదు. నిమేషం అన్నా నిమిషం అన్నా అసలు అర్థం రెప్పపాటే కదా.

నేను పురుగునైతే అక్కడే కొరుకుతా. ఎలాగూ అతుకు వేసే మనిషి ఇంట్లోనే ఉన్నాడు.

తొందరేంది
పోయి చూసిన. నిజంగనే ఆగింది. ఇగ నిద్రెట్ల పడ్తది

మిణుగురు
గోడమూల, ఏడు డ్రాఫ్టుల్లో ఆగిన గడియారం ఇదేనన్నమాట! నాకు తెలీకుండానే కరెక్టుగా రాశాను

గోడమూల
లేదు. తెలీకుండా తప్పుగా రాశావు. అది ఆగదు, ఆగినట్టు నీకు అనిపిస్తుంది

ఆరుకాళ్ళు
జీవితచక్రం దగ్గరికి వద్దాం, నాకు ముఖ్యం అదే. పురుగుల్లో చాలావాటికి తినే దశ వేరు, ఎగిరే దశ వేరు. మేఫ్లై అని నీళ్ళ దగ్గర ఎగిరేది ఉంది, దాని పిల్ల నీళ్ళలో నెలలు, కొన్నిట్లో ఏడాది పైనే తింటూ పెరుగుతుంది, రెక్కలొచ్చాక దానికి పనిచేసే నోరే ఉండదు. జత కట్టడం, గుడ్లు పెట్టడం, పోవడం. ఒక జాతిలో ఆడది రెక్కలొచ్చాక అయిదు నిమిషాలు కూడా ఉండదు. అంటే మీ కథలో అందరూ చూసి భయపడే రెక్కల పురుగు అసలు ఏమీ తినదు. తినేది పిల్ల, అది ఎక్కడో లోపల, కనబడకుండా. రెక్కల పురుగు కనబడిందంటే అక్కడ భోజనం అయిపోయిందని.

ఇంకా కావాలంటే అమెరికాలో సికాడాలనే పురుగులున్నాయి, 13 ఏళ్ళవి, 17 ఏళ్ళవి. అన్నేళ్ళూ మట్టిలో వేర్ల రసం తాగుతూ లెక్క పెట్టుకుని ఒకే ఏడాదిలో కోట్ల కొద్దీ పైకొస్తాయి. 2024లో ఒక 13 ఏళ్ళ గుంపూ ఒక 17 ఏళ్ళ గుంపూ కలిసి లేచాయి, ఆ రెండూ అంతకుముందు కలిసింది 1803లో.

లెక్కలపిచ్చి
13 ఇంటు 17, 221. కరెక్టే. మొదటిసారి ఈ థ్రెడ్‌లో లెక్క కలిసింది

ఆరుకాళ్ళు
మీరు సంతోషిస్తారనే చెప్పాను :) కాలం లెక్కపెట్టే పురుగులు తక్కువేం కాదు. తేనెటీగలకి రోజూ ఒకే టైంకి తీపి నీళ్ళు పెడితే మర్నాడు సరిగ్గా ఆ టైంకే వస్తాయి. 1955లో రెన్నర్ అనే ఆయన పారిస్‌లో మూసిన గదిలో వాటికి అలా అలవాటు చేసి, రాత్రికి రాత్రి విమానంలో న్యూయార్క్ తీసుకెళ్ళి అలాంటి గదిలోనే వదిలితే, అవి పారిస్ టైంకే తిండికి వచ్చాయి. గడియారం బయట లేదు, వాటి ఒంట్లోనే ఉంది. మీ పురుగుకీ ఒంట్లో గడియారం ఉండాలి మరి, ఏది తినాలో ఏది సొంత ఒళ్ళో తెలియాలి కదా.

పాతచెప్పు
తెలీకపోతే తోక నుంచి తనని తానే తినుకుంటూ వస్తుంది. నెలాఖరులో నా జీతం లాగా

రాత్రిపాళీ
నాకు పురుగుల గురించి తెలీదు, నా సంగతి చెప్తా. నాలుగేళ్ళు రాత్రి డ్యూటీ చేశాను, తెరల ముందు కూర్చుని ఏదీ జరగకుండా చూడటమే పని. మొదటి నెల నాకిప్పటికీ రోజురోజూ గుర్తుంది, ఎవరు పక్కన కూర్చున్నారు, ఏ రోజు కరెంటు పోయింది, ఏ కుర్చీ కాలు విరిగింది. తర్వాతి మూడేళ్ళ పదకొండు నెలలూ కలిపి ఒక్క రాత్రే. నిజంగా ఒక్కటే. విచిత్రం ఏంటంటే అప్పుడు ఆ రాత్రులు గడవక ప్రాణం పోయేది, మూడు నుంచి నాలుగు అవ్వడానికి ఒక జన్మ పట్టేది, ఇప్పుడు వెనక్కి చూస్తే అంత పొడుగు రాత్రులన్నీ ఎటు పోయాయో తెలీదు. నమిలేటప్పుడు సాగుతుంది, మింగాక ఉండదు. మీ పురుగు ఏం తింటుందంటే నేనైతే గంటలు అనను. గంటలు ఎక్కడికీ పోలేదు, హాజరు పుస్తకంలో అన్నీ ఉన్నాయి, సంతకాలతో సహా. ఒక రాత్రికీ ఇంకో రాత్రికీ ఉండాల్సిన తేడా పోయింది. అది తింటుంది.

సీజియం
ఇది బావుంది. ఏదీ మారకపోతే కాలం గడిచిందని చెప్పడానికి మన దగ్గర ఏ గడియారమూ ఉండదు, ఊగేది ఊగాలి, కరిగేది కరగాలి. తేడాని తిన్నవాడు కాలాన్ని తిన్నట్టే.

లెక్కలపిచ్చి
ఒప్పుకోను. సెలవల్లో పది రోజులు ఇట్టే అయిపోతాయి కదా, అక్కడ ప్రతి రోజూ కొత్తదే. తేడా బోలెడుంది, అయినా కాలం ఎగిరిపోయింది. మీ థియరీ ప్రకారం అక్కడ పురుగు ఉండకూడదు.

రాత్రిపాళీ
అయిపోయేటప్పుడు ఇట్టే అయిపోతుంది, ఇంటికొచ్చాక చూస్తే నెల్లాళ్ళు తిరిగొచ్చినట్టుంటుంది. నా రాత్రులకి సరిగ్గా ఉల్టా. అక్కడ పురుగు లేదు కాబట్టే అన్నీ మిగిలాయి

కుంటిగుర్రం
నేను మధ్యలో దూరుతున్నా, ఈ తేడా థియరీ నాకు కుదరట్లేదు. నడుం దెబ్బతిని మూడు నెలలు మంచం మీద ఉన్నాను. ప్రతి రోజూ అచ్చు గుద్దినట్టు ఒకటే, అదే సీలింగు, అదే ఫ్యాను. అయినా ఒక్క రోజు కూడా మర్చిపోలేదు. సీలింగు మీద పగులు ఏ వారం ఎక్కడిదాకా పాకిందో ఇప్పుడు గీసి చూపించగలను. మరి నన్నెందుకు తినలేదు?

ఊరికే_చూస్తా
నొప్పి పురుగుమందు అన్నమాట

కుంటిగుర్రం
నవ్వుతూ అన్నావు గానీ అదే అయ్యుంటుంది. నొప్పున్నప్పుడు ప్రతి గంటనీ చూస్తూ కూర్చుంటాం. చూస్తున్న గంటని తినడానికి దానికి భయమేమో

రాత్రిపాళీ
నేనూ తెరలు చూస్తూనే ఉన్నాను అన్నా. కాకపోతే నాది కానిదాన్ని చూశాను

పొలంగట్టు
మూడు రోజుల్నుంచి చదువుతున్నా, అందరూ మిడతలు, తేనెటీగలు అంటున్నారు, పైర్లో ఉండే దాన్ని ఎవరూ అనలేదు. కాండం తొలుచు పురుగు. అది పడిందని బయటికి తెలీదు. ఆకు బావుంటది, మొక్క బావుంటది, పురుగు కాండం లోపల కూర్చుని తింటా ఉంటది. కంకి కూడా వస్తది, కాకపోతే తెల్లగా వస్తది, లోపల గింజ ఉండదు, అంతా తాలు. తెల్లకంకి అంటారు. దూరం నుంచి కొత్తోళ్ళు చూస్తే అదే బాగా నిలబడ్డట్టు కనబడుద్ది, ఎందుకంటే గింజ పట్టిన కంకి బరువుకి వంగుద్ది, ఇది నిటారుగా ఉంటది. పట్టుకుని లాగితే బలం పెట్టకుండానే చేతిలోకి వచ్చేస్తది.

పైన రాత్రి డ్యూటీ ఆయన చెప్పింది అదే నాకు అర్థమైంది. రోజులు ఎక్కడికీ పోలా, వరసలో నిలబడే ఉన్నాయి. తాలు రోజులు.

మిణుగురు
...

మిణుగురు
సారీ, పైది పొరపాటున పోస్ట్ అయింది. పొలంగట్టు గారూ, అయిదు నిమిషాల్నుంచి మీ పోస్టే చూస్తున్నా. తాలు రోజులు. రెండు నెలలు నేను వెతుకుతున్నది ఆ మాటే.

తొందరేంది
గట్లయితే పేరు గూడ దొరికినట్టే. కాలం తొలుచు పురుగు

ఆరుకాళ్ళు
బావుంది. పురుగులకి పేరు పెట్టే పద్ధతే అది, కాండం తొలుచు పురుగు, ఆకుముడత పురుగు, చేసే పనే పేరు. కాలకీటకం, కాలభక్షిణి లాంటివి పెట్టకండి, పౌరాణిక సినిమాలో రాక్షసిలా ఉంటుంది

పాతచెప్పు
కాలభక్షిణి నేను పెడదామని టైపు చేసి పెట్టుకున్నా, నోట్లో మాట లాగేశారు

లెక్కలపిచ్చి
రెట్ట సంగతి ఎవరూ చెప్పలేదు. తిన్నది ఎక్కడికో పోవాలి కదా, ద్రవ్యరాశి నిత్యత్వం అనేది ఒకటుంది

గోడమూల
దుమ్ము. ఎవరూ వెళ్ళని గదిలో, ఎవరూ తెరవని పుస్తకం మీద, ఎక్కడ్నుంచి వచ్చిందో తెలీని దుమ్ము

లెక్కలపిచ్చి
దుమ్ము బట్టల నూలు, చర్మం పొట్టు, మట్టి కలిసి... సరే సరే, కథ కదా, వదిలేస్తున్నా

చుక్కమల్లి
ఈ వేదికలో ఎప్పుడూ రాయను, చదువుతాను అంతే. మా అమ్మకి రెండేళ్ళుగా మతిమరుపు జబ్బు. పొద్దున జరిగింది మధ్యాహ్నానికి ఉండదు. పదేళ్ళ వయసులో బడికి నడిచిన దారిలో ఎన్ని చెట్లు, ఏ చెట్టుకి తొర్ర ఉండేది, ఏ తొర్రలో ఏం దాచిపెట్టేది, అన్నీ చెప్తుంది. డాక్టరుగారు చెప్పారు, మామూలుగా కొత్తవే ముందు పోతాయి, పాతవి ఎక్కువ కాలం నిలుస్తాయని. నిన్న నన్ను వాళ్ళ పెద్దక్క అనుకుంది. సరిదిద్దడం మానేశాను, రెండు గంటలు పెద్దక్కగానే మాట్లాడాను, చిన్నప్పుడు ఏదో గాజు విరగ్గొట్టి నా మీద చెప్పిందట, క్షమించమంది.

మీ పురుగు ఏ వరసలో తింటుందో నేను చెప్పగలను. లేత చిగుళ్ళు ముందు. ముదురు కాండం ఆఖరికి. కథలో ఆ వరస మాత్రం మార్చకండి.

లెక్కలపిచ్చి
మార్చరండీ. మార్చితే నేను ఊరుకోను

పాతచెప్పు
మరి గాజు సంగతి క్షమించారా?

చుక్కమల్లి
క్షమించాను. మళ్ళీ సాయంత్రం అడిగింది, మళ్ళీ క్షమించాను :)

కుంటిగుర్రం
మూడు నెలలు గుర్తున్నాయని పైన గొప్పలు చెప్పుకున్నాను. వెనక్కి తీసుకుంటున్నా

చుక్కమల్లి
అయ్యో అలా ఎందుకు, మీ పగులు బొమ్మ గీసి పెట్టుకోండి, పనికొస్తుంది

ఆరుకాళ్ళు
చెక్క తొలిచే ఒక పెంకుపురుగు ఉంది, డెత్‌వాచ్ బీటిల్ అంటారు. పాత ఇళ్ళ దూలాల్లో ఉంటూ తలని చెక్కకేసి టక్ టక్ టక్ మని కొడుతుంది. రోగుల పక్కన రాత్రంతా మేలుకుని కూర్చున్నవాళ్ళకి ఆ నిశ్శబ్దంలో వినబడి చావు ఘడియలు లెక్కపెడుతోందని భయపడేవారు, ఆ పేరు అలా వచ్చిందే. అది కొట్టేది మాత్రం జత కోసం, రమ్మని పిలుపు. దాని పిల్ల ఒక్కోసారి పదేళ్ళు ఆ దూలం లోపలే తింటుంది. మిణుగురు గారూ, మీ పురుగుకి చప్పుడు ఉంటే బావుంటుంది, మనం దాన్ని గడియారం అనుకుంటూ ఉండాలి.

మిణుగురు
ఆరుకాళ్ళు, ఇదొక్కటీ వద్దు. గడియారాలతో నాకు ఇంక సంబంధం లేదు, మానేశాను. సీజియం గారి రెండు గడియారాలు కూడా తీసేశాను, సారీ.

సీజియం
నన్ను కూడా తినేసింది

మిణుగురు
కింద మొదటి పేరా పెడుతున్నా, రాత్రి రాసింది. తిట్టండి.

"కేలండర్ నిండుగానే ఉంది. ఒక్క కాగితమూ చిరగలేదు, ఒక్క తారీకూ తప్పిపోలేదు. జూన్‌లో ముప్ఫై రోజులూ ఒకదాని పక్కన ఒకటి నిలబడి ఉన్నాయి, వంగకుండా, ఊగకుండా. ఆమె పదకొండో తారీకు మీద వేలు పెట్టి ఆ రోజు ఏం చేసిందో గుర్తు తెచ్చుకోబోయింది. పన్నెండు మీద పెట్టింది. పదమూడు మీద పెట్టింది. పద్నాలుగుని రెండు వేళ్ళతో పట్టుకుని మెల్లగా లాగింది. బలం పెట్టకుండానే రోజు చేతిలోకి వచ్చేసింది."

రాత్రిపాళీ
రెండుసార్లు చదివా. జూన్ నాకూ లేదు

లెక్కలపిచ్చి
ఒక్క అభ్యంతరం. "ఒక్క తారీకూ తప్పిపోలేదు" అన్నాక పద్నాలుగు లాగేశారు, ఇప్పుడు తప్పిపోయినట్టే కదా. రెండో పేరాలో 29 అని రాయాలి

తొందరేంది
మాస్టారూ జర ఊపిరి తీస్కోండి

ఊరికే_చూస్తా
బానే ఉంది గానీ పురుగేది? పేరా అయిపోయింది, పురుగు రాలేదు

గోడమూల
రాకపోవడమే బావుంది. కనబడితే భోజనం అయిపోయినట్టని పైన చెప్పారుగా

చుక్కమల్లి
నాకు నచ్చింది. ఆమెకి పేరు పెట్టకండి, ఇంకొంచెం సేపు

పొలంగట్టు
బాగా రాశావమ్మా, కాకపోతే అక్కడ ఆపేశావు. మేమైతే లాగాక కంకి వంక చూడం, పీకిన కొస వంక చూస్తాం. కింద, కాడ తెగిన చోట. అక్కడ కొరికిన గుర్తు ఉంటది, కొంచెం పిప్పి కూడా అంటుకుని ఉంటది. చేతిలో ఉన్న రోజుని తిరగేసి ఆ కొస చూడమను ఆమెని.